గన్ను కన్నా గన్‌మన్ గొప్ప

ఎన్నికల షెడ్యూలు వచ్చిన కొద్ది రోజులకే జిల్లా పేజీలో ఒక మూల చిన్న వార్త పడుతుంది. లైసెన్సు ఆయుధాలు ఉన్నవాళ్లు ఫలానా తేదీలోగా తమ పరిధిలోని పోలీస్ స్టేషన్లో అప్పగించాలి అని. విజయవాడలో గానీ గుంటూరులో గానీ ఆ వార్త ఆగి చదివేవాళ్లు అరుదు. తుపాకీ ఉన్నవాడికి ఆ కబురు ముందే ఫోన్‌లో వచ్చేసి ఉంటుంది, లేనివాడికి దాంతో పనే లేదు.

అప్పగించడం చూస్తే పెద్ద హడావుడేమీ ఉండదు. కారు వెనక సీట్లోంచి రెక్సిన్ సంచి దిగుతుంది. అందులో పన్నెండు బోరు డబుల్ బ్యారెల్, తాత కాలం నాటిది. స్టేషన్లో రికార్డులు రాసే రైటర్ దాన్ని మధ్యకు విరిచి, గొట్టాల్లో తూటాలు లేవని వెలుతురుకు పెట్టి చూసుకుంటాడు. గొట్టం మీద చెక్కిన నెంబరును లైసెన్సు పుస్తకంలోని నెంబరుతో పోల్చుకుంటాడు. ఇత్తడి అడుగున్న తూటాలు బల్ల మీద వరసగా నిలబెట్టి లెక్కపెడతాడు. రిజిస్టరులో ఒక వరస, ఒక రసీదు, ట్రిగ్గర్ గార్డుకు దారంతో కట్టిన అట్టముక్క. ఐదు నిమిషాల్లో తుపాకీ లోపలి గదిలోకి పోతుంది, యజమాని టీ తాగి ఇంటికి పోతాడు.

2024లో ఆంధ్రప్రదేశ్‌లో షెడ్యూలు వచ్చింది మార్చి 16న, పోలింగు మే 13న, లెక్కింపు జూన్ 4న. ఫలితాలు వెలువడి వారం గడిచాకే ఆయుధాలు తిరిగి ఇస్తారు. అంటే దాదాపు మూడు నెలలు. ప్రాణభయం ఉందని దరఖాస్తులో రాసి తీసుకున్న ఆయుధం, ఊళ్లో ఉద్రిక్తత అన్నిటికన్నా ఎక్కువగా ఉండే ఆ మూడు నెలలూ యజమాని దగ్గర ఉండదు. నిజంగా ముప్పున్నవాళ్లకూ, బ్యాంకు కాపలాదార్లకూ, షూటింగ్ క్రీడాకారులకూ మినహాయింపు ఇచ్చే స్క్రీనింగ్ కమిటీలు ఉన్న మాట నిజమే. మిగతావాళ్లు మాత్రం మారు మాట్లాడకుండా తెచ్చి ఇచ్చేస్తారు. ఆ మూడు నెలల్లో తమకేదో లోటు జరిగిందని గోల చేసినవాళ్లు పెద్దగా కనపడరు. తుపాకీ ఇక్కడ ఏ పనికి ఉంటోందన్న ప్రశ్నకు సగం జవాబు ఇక్కడే దొరుకుతుంది.

మిగతా సగం గన్‌మన్ దగ్గర దొరుకుతుంది.

కృష్ణా, గుంటూరు రాజకీయాల్లో ఒక మనిషి స్థాయి కొలిచే కొలబద్ద ఆయన బీరువాలో రివాల్వర్ ఉందా లేదా అన్నది కాదు. వన్ ప్లస్ వనా, టూ ప్లస్ టూనా అన్నది, అంటే విడతకు ఒక గన్‌మనా, ఇద్దరా అని. పెళ్లి పందిట్లోకి నాయకుడు అడుగుపెట్టేటప్పుడు వెనక సఫారీ డ్రెస్సులో నడుస్తూ వచ్చే మనిషి, ఆయన చొక్కా కింద నడుము దగ్గర ఉబ్బెత్తుగా కనిపించే తొడుగు: జనం చూసేది అది. ఆ తుపాకీ ప్రభుత్వానిది, తూటాలు ప్రభుత్వానివి, జీతం ప్రభుత్వానిది. నాయకుడిది నీడ మాత్రమే. ప్రభుత్వం మారగానే గన్‌మెన్‌లను వెనక్కి పిలవడం, తమ భద్రత తగ్గించారంటూ నాయకులు హైకోర్టు గడప తొక్కడం ఈ రాష్ట్రంలో ప్రతి ఐదేళ్లకూ నడిచే తంతు. పార్టీలు మారతాయి, పిటిషన్లలోని వాక్యాలు మారవు. సొంత తుపాకీ లైసెన్సు రద్దయిందని ఇంత పట్టుదలగా పోరాడినవాళ్లు అరుదు. ఇరుగుపొరుగు దృష్టిలో సొంత తుపాకీ డబ్బుకు గుర్తు, గన్‌మన్ అధికారానికి గుర్తు. ఈ రెండు ఊళ్లలో ఏది పెద్దదో చెప్పనక్కర్లేదు.

అందుకే అమెరికా నుంచి దిగుమతయ్యే తుపాకీ చర్చ, 'ఆయుధం ధరించే హక్కు ఉండాలా వద్దా' అన్నది, ఇక్కడ ఎవరి వంటికీ అతకదు. ఇక్కడ హక్కు అన్న మాటే లేదు. ఉన్నది అనుమతి. ఆ అనుమతి ఎవరిస్తారు, ఎవరికిస్తారు, ఎందుకిస్తారు అన్నదే అసలు విషయం.

1959 నాటి ఆయుధాల చట్టంలోని 13వ సెక్షను చదివితే కథ అర్థమవుతుంది. ఆత్మరక్షణకో వేటకో లోపల గాళ్లు లేని నున్న గొట్టపు తుపాకీ, అంటే గొట్టం 20 అంగుళాలకు తగ్గనిది, అడిగినా, పంట కాపలాకు మందు కూరి పేల్చే తుపాకీ అడిగినా చట్టం కాస్త మెత్తగా ఉంటుంది. రివాల్వరో పిస్టలో కావాలంటే 'తగిన కారణం' ఉందని అధికారికి నమ్మకం కలగాలి. తగిన కారణం అంటే ఏమిటో చట్టం చెప్పలేదు. పోలీసుల నివేదిక చూసి అధికారి నిర్ణయిస్తారు. కాదంటే కారణాలు రాతలో పెట్టాలి, దరఖాస్తుదారుడు అప్పీలుకు వెళ్లవచ్చు. 14వ సెక్షనులో చాలామంది గమనించని ఒక వాక్యం ఉంది: తగినంత ఆస్తి లేదన్న ఒక్క కారణంతో ఎవరికీ లైసెన్సు నిరాకరించకూడదు. వాక్యం ముచ్చటగా ఉంది. లైసెన్సు పుస్తకం చేతిలో పట్టుకుని ఆ స్టేషన్‌కు వచ్చేవాళ్ల కార్లు చూస్తే మాత్రం, ఆ వాక్యం ఎక్కడికీ పోకుండా కాగితం మీదే హాయిగా కూర్చుందని తెలుస్తుంది.

ఆ అధికారి ఎవరన్నదీ కృష్ణ దాటితే మారిపోతుంది. పోలీస్ కమిషనర్ ఉన్నచోట లైసెన్సు అధికారం కమిషనర్‌దే, లేనిచోట జిల్లా మేజిస్ట్రేటు హోదాలో కలెక్టరుది. కాబట్టి విజయవాడవాసి దరఖాస్తు కమిషనర్ బల్ల మీదికి పోతుంది, గుంటూరువాసిది కలెక్టరేటుకు పోతుంది. చూడ్డానికి చిన్న తేడా. కానీ గుంటూరులో విచారించే శాఖ ఒకటి, సంతకం పెట్టే శాఖ ఇంకొకటి. విజయవాడలో రెండూ ఒకే శాఖ. మంగళగిరిలో ఇల్లు, బెంజి సర్కిల్లో ఆఫీసు ఉన్న వ్యాపారికి ఏ ఒడ్డున దరఖాస్తు పెట్టడం మంచిదో లెక్కలు వేసి చెప్పే పెద్దమనుషులకూ కొదవ ఉండదు.

తర్వాత వచ్చిన మార్పులు ఎక్కువగా లెక్కలకు సంబంధించినవి. 2016 నిబంధనలు 1962 నాటి వాటి స్థానంలో వచ్చాయి. ఆయుధం వాడటంలో శిక్షణ, భద్రంగా దాచే ఏర్పాటు, వైద్య ధ్రువపత్రం అడుగుతున్నాయి. బహిరంగంగా తీసి ఝళిపించకూడదు, పిస్టల్ అయితే తొడుగులో బట్టల కింద ఉండాలి. 2019 డిసెంబరులో చేసిన సవరణతో ఒక్కరి దగ్గర ఉండగల తుపాకుల సంఖ్య మూడు నుంచి రెండుకు దిగింది. మొదట బిల్లులో ఒక్కటే అన్నారు. వారసత్వపు తుపాకులున్న పాత సంస్థానాల కుటుంబాలూ, ఉత్తరాది నాయకులూ గొడవ చేస్తే రెండయింది. లైసెన్సు గడువు మూడేళ్ల నుంచి ఐదేళ్లయింది. పెళ్లిళ్లలో గాలిలోకి కాల్చి ఇతరుల ప్రాణాలకు ముప్పు తెస్తే రెండేళ్ల దాకా జైలు, లేదా లక్ష రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ అన్నదీ అప్పుడే వచ్చింది. మన పెళ్లిళ్లలో ఆ రోగం లేదు. మనకు డీజే రోగం చాలు.

లైసెన్సుల లెక్క చూసినా ఉత్తరాదికీ మనకూ తేడా తెలుస్తుంది. 2016 చివరికి దేశం మొత్తంలో 33.69 లక్షల లైసెన్సులుంటే ఒక్క ఉత్తరప్రదేశ్‌లోనే 12.77 లక్షలున్నాయి. అక్కడ భుజాన రైఫిల్ వేసుకుని బైకు మీద పోవడం మగతనానికి గుర్తు. కర్ణాటకలోని కొడగులో కొడవలకు లైసెన్సే అక్కర్లేదు. బ్రిటిషు కాలం నుంచి వస్తున్న ఆ మినహాయింపును కేంద్రం 2029 దాకా పొడిగించింది. అక్కడ తుపాకీ పండుగలో పూజ అందుకునే ఇంటి మనిషి.

తెలుగువాళ్ల ఊహలో తుపాకీ పట్టిన మనిషి ఎవరు? పిట్టల దొర. నెత్తిన టోపీ, ఒంటిన చిరుగుల ఖాకీ, భుజాన చెక్క తుపాకీ. ఇంటింటికీ వచ్చి తన జమీందారీలూ, తన వేటలూ, తన దండయాత్రలూ ఏకరువు పెట్టి, ఒక్క నిజం చెప్పకుండా అందర్నీ నవ్వించి, గుప్పెడు బియ్యం పట్టుకుపోతాడు. కోతలరాయుడిని తుపాకి రాముడు అనడం ఇప్పటికీ వాడుకలో ఉంది. వేటకొచ్చిన తెల్లదొరనూ, అతని పక్కన నిలబడ్డ జమీందారునూ ఒకే దెబ్బకు వెక్కిరించిన వేషం అది. చేతికి తుపాకీ అందని జనం చేయగలిగింది అదే.

అందకుండా చేసింది 1878 ఆయుధాల చట్టం. లిట్టన్ వైస్రాయ్‌గా ఉండగా వచ్చింది. ఐరోపావాళ్లకు లైసెన్సు అక్కర్లేదు, భారతీయుడికి కావాలి. ఆ అవమానం జాతీయోద్యమాన్ని చాలాకాలం సలిపింది. అహింస గురించి అంత చెప్పిన గాంధీ కూడా 1930లో వైస్రాయ్ ఇర్విన్ ముందు పెట్టిన పదకొండు కోరికల్లో ఆత్మరక్షణకు ఆయుధ లైసెన్సులు ఇవ్వాలన్నది ఒకటిగా చేర్చాడు. 1931 కరాచీ తీర్మానం ఒక అడుగు ముందుకేసి, నిబంధనలకు లోబడి ఆయుధం కలిగి ఉండటం ప్రతి పౌరుడి హక్కు అంది. ఆ మాట పట్టుకునే 1948 డిసెంబరులో రాజ్యాంగ సభలో హెచ్.వి. కామత్ దాన్ని ప్రాథమిక హక్కుల్లో చేర్చాలని సవరణ పెట్టాడు. అంబేడ్కర్ ఒప్పుకోలేదు, సవరణ వీగిపోయింది. అంటే ఈ దేశానికి ఆ ఆలోచన రాక కాదు. వచ్చింది, బల్ల మీద పెట్టి చూసి, వద్దనుకుంది. అప్పటికి దేశ విభజన నెత్తురు ఇంకా ఆరలేదన్నది గుర్తుంచుకోవాలి.

తెలుగు నేల మీద ఆ చట్టాన్ని ఎదిరించిన తీరులు రెండు. 1922 ఆగస్టు 22 నుంచి వరసగా మూడు రోజులు అల్లూరి సీతారామరాజు చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి స్టేషన్ల మీద పడి తుపాకులు పట్టుకెళ్లాడు. ఏమేం తీసుకున్నాడో స్టేషన్ డైరీలో రాసి మరీ వెళ్లాడు. రిజిస్టరులో లెక్క లేకుండా తుపాకీ చేతులు మారకూడదన్న నియమాన్ని తిరుగుబాటుదారుడే పాటించాడన్నమాట! రెండో తీరు గుంటూరు వైపుది. అదే 1922లో పల్నాడులో పుల్లరి, అంటే అడవిలో పశువుల మేత పన్ను, కట్టనన్న కన్నెగంటి హనుమంతు పోలీసు తూటాలకు కూలిపోయాడు. 1928లో మద్రాసులో సైమన్ కమిషన్‌కు వ్యతిరేకంగా జరిగిన నిరసనలో టంగుటూరి ప్రకాశం సిపాయిల తుపాకీకి ఎదురుగా నిలిచి చొక్కా విప్పి చూపించాడు. విజయవాడలో కృష్ణ మీది బ్యారేజీకి పెట్టుకున్న పేరు ఆయనదే. ఈ ప్రాంతం నెత్తిన పెట్టుకున్న వీరుడు తుపాకీ పట్టినవాడు కాడు, తుపాకీకి ఎదురు నిలిచినవాడు.

ఇదంతా చదివి బెజవాడ చాలా సాధువుల ఊరు అనుకుంటే నవ్వుతారు. ఈ ఊరి గొడవల చరిత్ర ఎవరికీ తెలియంది కాదు. 1988 డిసెంబరు 26న నిరాహార దీక్ష శిబిరంలో వంగవీటి మోహనరంగారావును చంపినప్పుడు ఊరు తగలబడింది, రోజుల తరబడి కర్ఫ్యూ నడిచింది. ఆ హత్యకు వాడినవి కత్తులు, బాంబులు. దానికి ముందూ వెనకా ముఠా కక్షల్లో రాలిన ప్రాణాలకూ ప్రధానంగా అవే ఆయుధాలు. సైకిలు చైన్ల దగ్గర మొదలై వేటకొడవళ్ల దాకా వెళ్లిన ఊరు, తుపాకీ దాకా పెద్దగా పోలేదు. పల్నాడు పల్లెల్లోనైతే నాటుబాంబు రాజ్యం. 2024 మే 13 పోలింగు రోజు, ఆ తర్వాత మాచర్ల, నరసరావుపేట ప్రాంతాల్లో జరిగిన దాడుల్లో జనం పట్టింది రాళ్లు, ఇనుప రాడ్లు, పెట్రోలు సీసాలు. ఎన్నికల సంఘం పల్నాడు కలెక్టరును బదిలీ చేసింది, ఎస్పీని సస్పెండ్ చేసింది. లైసెన్సు తుపాకులన్నీ అప్పటికి రెండు నెలలుగా స్టేషన్లలో అట్టముక్కలు కట్టుకుని నిద్రపోతున్నాయి. ఆ తర్వాత ఆంక్ష పెట్టింది సీసాల్లో పెట్రోలు పోయడం మీద. పని చేసిన ఆంక్ష అదే అనుకోవాలి.

ఇప్పటి విజయవాడ మాటకొస్తే, రాత్రిపూట రైల్వే స్టేషన్ పరిసరాల్లో జనం భయపడేది బ్లేడ్ బ్యాచ్‌కు. రెండు రూపాయల బ్లేడు. దానికి లైసెన్సు లేదు, స్క్రీనింగ్ కమిటీ లేదు. పోలీసుల చేతిలో ఉన్నవి రౌడీ షీటు, బైండోవరు, నగర బహిష్కరణ, ముదిరితే 1986 నాటి పీడీ యాక్టు. ఆత్మరక్షణకు తుపాకీ కావాలనేవాళ్లు ఈ బ్లేడును చూపిస్తారు. మెడ దగ్గరకు వచ్చిన బ్లేడుకూ, బీరువాలో తాళం వేసిన రివాల్వర్‌కూ మధ్య ఎంత దూరం ఉంటుందో వాళ్లు ఆలోచించినట్టు లేదు. 2012 నాటి ఢిల్లీ నిర్భయ ఘటన తర్వాత మహిళల కోసమని 2014లో కాన్పూరు ఆయుధ కర్మాగారం 'నిర్భీక్' అనే అరకిలో రివాల్వర్ తెచ్చింది. ధర లక్షా ఇరవై వేల పైచిలుకు. రాత్రి పదింటికి ఆటోనగర్ నుంచి షేర్ ఆటోలో ఇంటికి వచ్చే అమ్మాయిని దృష్టిలో పెట్టుకుని నిర్ణయించిన ధర అది కాదని వేరే చెప్పాలా?

ఆత్మరక్షణ వాదంలో గట్టి ముక్క ఒకటి ఉంది. దాన్ని పట్టుకోవాల్సినవాళ్లు పట్టుకోవడం లేదు. 1991 ఆగస్టు 6న అప్పటి గుంటూరు జిల్లాలోని చుండూరులో ఎనిమిది మంది దళితులను వెంటాడి చంపారు. పోలీసులు ఊళ్లో ఉండగానే. అప్పుడు రాజ్యం తుపాకీ ఎవరి పక్కన నిలబడిందన్నది ఈ ప్రాంతంలో ఇప్పటికీ మానని గాయం. ఎస్సీ, ఎస్టీలపై అత్యాచారాల నిరోధక చట్టం కింద 1995లో వచ్చిన నిబంధనల్లో మూడోది చెప్పేది ఇది: కుల దౌర్జన్యాలు జరిగే అవకాశమున్న ప్రాంతాల్లో ఇతర కులాలవాళ్ల ఆయుధ లైసెన్సులు రద్దు చేసి ఆయుధాలు ప్రభుత్వ ఆయుధాగారంలో పెట్టించాలి, నాటు తుపాకులను స్వాధీనం చేసుకోవాలి, అవసరమనుకుంటే ఎస్సీ ఎస్టీలకు లైసెన్సులు ఇవ్వాలి. ఈ దేశంలో తుపాకీ నియంత్రణకూ సామాజిక న్యాయానికీ ముడి వేసిన రాత ఇదొక్కటే కావచ్చు. కలెక్టర్ల సమీక్షా సమావేశాల్లో ఆ చట్టం మీద చర్చ అంతా పరిహారం చెక్కుల చుట్టూనే తిరుగుతుంది. ఈ నిబంధన జోలికి పోరు. పోతే, 'తగిన కారణం' నిజంగా ఎవరికి ఉందన్న ప్రశ్నకు జవాబు చెప్పాల్సి వస్తుంది.

ఇక అమెరికా. ఈ రెండు ఊళ్లలో తుపాకీ గురించి నిజంగా నిద్రపట్టని ఇళ్లు అవే, పిల్లలు అమెరికాలో ఉన్న ఇళ్లు. పటమటలోనో, బ్రాడీపేటలోనో, అరండల్‌పేటలోనో తెల్లవారుజామున ఫోను మోగితే గుండె ఝల్లుమనే తల్లిదండ్రులు. 2017 ఫిబ్రవరిలో కన్సాస్‌లోని ఒలేథా ఊరి బారులో ఒక తెలుగు ఇంజినీరును 'మా దేశం నుంచి పో' అని అరుస్తూ కాల్చి చంపారు. 2023 ఏప్రిల్‌లో ఒహాయోలో పెట్రోలు బంకులో పనిచేస్తున్న ఏలూరు కుర్రాడు, పదిహేను రోజులకే టెక్సాస్‌లోని అలెన్ మాల్‌లో మరో ఏడుగురితో పాటు ఒక తెలుగు ఇంజినీరు. ఈ వార్తలు ఇక్కడ విదేశీ పేజీలో పడవు, మొదటి పేజీలో పడతాయి.

అక్కడి లెక్కలు ఇక్కడి బుర్రకు ఎక్కవు. స్మాల్ ఆర్మ్స్ సర్వే అనే పరిశోధన సంస్థ అంచనా ప్రకారం 2017 నాటికి అమెరికా పౌరుల చేతుల్లో 39 కోట్లకు పైగా తుపాకులున్నాయి. వందమందికి 120. భారత్‌లో ఆ అంచనా వందకు ఐదు. ఆయుధం ధరించే హక్కు గురించి 1791లో అమెరికా రాజ్యాంగంలో చేరిన రెండో సవరణ అక్కడ మూలం. ఆ హక్కు మిలీషియాకా, అంటే పౌరుల సేనకా, విడి మనిషికా అన్న తగువుకు 2008లో హెల్లర్ కేసులో సుప్రీంకోర్టు విడి మనిషికే అని తేల్చింది. 2022 జూన్‌లో వచ్చిన బ్రూయెన్ తీర్పు మనకు ఇంకా ఆసక్తికరం. న్యూయార్క్‌లో వందేళ్లకు పైబడి ఒక చట్టం ఉండేది. బయట తుపాకీ వెంట ఉంచుకోవాలంటే తగిన కారణం చూపించాలి, చాలదనిపిస్తే అధికారి కాదనొచ్చు. ఆ అధికారం చెల్లదని కొట్టేశారు. అక్కడ కోర్టు కొట్టేసిన ఆ ఒక్క వాక్యం మీదే ఇక్కడి వ్యవస్థంతా నిలబడి ఉంది. 2023 ఫిబ్రవరిలో లైసెన్సు లేని తుపాకుల సంగతి విచారిస్తూ మన సుప్రీంకోర్టు, అమెరికాలోలా ఇక్కడ ఆయుధం ప్రాథమిక హక్కు కాదని గుర్తు చేసింది.

మన ఇళ్లలో తెలియని ముక్క ఇంకోటి ఉంది. ఎఫ్-1, హెచ్-1బీ వీసాల మీద ఉన్నవాళ్లు అమెరికాలో తుపాకీ కొనకూడదని ఫెడరల్ చట్టం. కానీ ఏదో ఒక రాష్ట్రం ఇచ్చిన వేట లైసెన్సు ఉంటే ఆ నిషేధం వర్తించదు. 2024 నవంబరులో అట్లాంటాలో ఒక తెలుగు విద్యార్థి పుట్టినరోజు నాడే, కొత్తగా కొన్న వేట తుపాకీ శుభ్రం చేసుకుంటుండగా అది పేలి చనిపోయాడు. విద్యార్థికి అక్కడ తుపాకీ దొరుకుతుందన్న సంగతే ఇక్కడ చాలా ఇళ్లకు అప్పుడు తెలిసింది. ఫీజులు, కన్సల్టెన్సీలు, బ్యాంకు బ్యాలెన్సులు అన్నీ కంఠతా వచ్చిన ఊళ్లివి. వీసా ఇంటర్వ్యూకు పోయే పిల్లవాడికి వంద జాగ్రత్తలు చెబుతాం. ఈ నూట ఒకటో జాగ్రత్త చెప్పేవాళ్లు లేరు.

అక్కడి చర్చలో మనకు బాగా అర్థం కావాల్సిన అంకె వేరే ఉంది. 2021లో అమెరికాలో తుపాకీ వల్ల 48,830 మంది చనిపోయారు. అందులో హత్యలు 20,958. అంతకన్నా ఎక్కువ, 26,328 మంది, తమను తామే చంపుకున్నవాళ్లు. స్కూలు కాల్పులు వార్తల్లోకి ఎక్కుతాయి, ఈ చావులు ఎక్కవు. గుంటూరు వాళ్లకు దీన్ని వివరించి చెప్పక్కర్లేదు. పత్తి, మిరప రైతుల ఇళ్లలో దశాబ్దాలుగా చూస్తున్నదే. చేతికందే దూరంలో ప్రాణాంతకమైనది ఏదుంటే, గడ్డు ఘడియలో అదే ప్రాణం తీస్తుంది. అక్కడ తుపాకీ, ఇక్కడ పురుగుమందు డబ్బా. మరీ విషపూరితమైన మందులను శ్రీలంక దశలవారీగా నిషేధించాక అక్కడ ఆత్మహత్యలు బాగా తగ్గాయి. చేతికి అందకపోతే ఆ ఘడియ గడిచిపోతుంది, మనిషి మిగులుతాడు. తుపాకీ నియంత్రణను సమర్థించడానికి రౌడీల కన్నా, దొంగల కన్నా గట్టి కారణం ఇదే. మన దగ్గర ఆ కోణంలో మాట్లాడేవాళ్లు తక్కువ.

దొంగ తుపాకుల సంగతి వేరు. భారత్‌లో పౌరుల దగ్గర ఉన్నాయని స్మాల్ ఆర్మ్స్ సర్వే లెక్కగట్టిన ఏడు కోట్ల పైచిలుకు ఆయుధాల్లో నమోదైనవి కోటి లోపే. బిహార్‌లోని ముంగేర్, మధ్యప్రదేశ్‌లోని కొన్ని జిల్లాలు ఆ సరుకుకు పేరుమోసినవి. అక్కడి కంట్రీమేడ్ పిస్టళ్లు ఇక్కడ కూడా అప్పుడప్పుడు పట్టుబడుతుంటాయి. వాటికి 'తగిన కారణం' అడిగేవాడు లేడు. ఇన్‌స్టా రీల్సులో కుర్రాళ్లు ఝళిపించేవి చాలావరకు ఎయిర్ పిస్టళ్లో, సిగరెట్ లైటర్లో. 0.177 బోరు లోపు, 20 జౌళ్ల శక్తి లోపు ఎయిర్‌గన్‌కు లైసెన్సు అక్కర్లేదు. దీపావళికి రీళ్ల తుపాకీతో ఆడుకున్న చేయి ఇరవై ఏళ్లకు దీనికి ఎదిగింది. పిట్టల దొర వారసత్వం అనుకుని ఊరుకోవచ్చు, నిజం పిస్టల్ చేతికి రానంతవరకు.

కాబట్టి ఈ ప్రాంతంలో వాదించాల్సింది తుపాకులు పెంచాలా తగ్గించాలా అని కాదు. కొద్దిగానే ఉన్నాయి, అలా ఉండటమే మేలు. మిర్చి యార్డులో రోజంతా నోట్ల కట్టలు చేతులు మారిన కాలంలో వ్యాపారికి రివాల్వర్ కావాలంటే అర్థం ఉండేది. చెల్లింపులు బ్యాంకు ఖాతాల్లోకి మారుతున్న కొద్దీ ఆ అవసరం కరిగిపోతోంది. కానీ ఆ కొద్ది లైసెన్సులు ఎవరికి వెళ్తున్నాయో, ఎందుకు వెళ్తున్నాయో బయట పెట్టడానికి అడ్డేముంది? పేర్లు అక్కర్లేదు. కమిషనరేటులో ఏడాదికి ఎన్ని దరఖాస్తులు వచ్చాయి, ఎన్ని ఇచ్చారు, ఎన్నిటిని ఏ కారణంతో కాదన్నారు, ఐదేళ్లకోసారి రెన్యువల్ చేసేటప్పుడు ముప్పు ఇంకా ఉందో లేదో ఎంతమంది విషయంలో చూశారు. గన్‌మెన్ విషయంలోనూ ఇదే. ఖజానా డబ్బుతో ఎంతమందికి టూ ప్లస్ టూ నడుస్తోందో, అందులో ఎంతమందికి నిజంగా ముప్పుందో ఒక పట్టిక వేయవచ్చు. భద్రతా కారణాలని జవాబొస్తుంది. ముప్పున్నవాడి వివరం దాచడంలో అర్థం ఉంది, మొత్తం అంకె దాచడంలో ఏం భద్రత ఉందో తెలియదు.

అధికారి విచక్షణ తీసేసి అందరికీ ఒకే కొలత పెడితే న్యూయార్క్‌లో జరిగిందే జరుగుతుందని, తుపాకులు పెరుగుతాయని అనేవాళ్లున్నారు. ఆ భయంలో నిజముంది. విచక్షణ ఉండాలి. కానీ చీకట్లో వాడే విచక్షణ చివరికి పలుకుబడి ఉన్నవాడి వైపే ఒరుగుతుంది. 14వ సెక్షనులో ఆ ఆస్తి వాక్యం రాసినవాళ్లు ఆ సంగతి ఊహించే రాసి ఉంటారు.

దసరాకు ఇంద్రకీలాద్రి మీద అమ్మవారి అలంకారాలు మారుతుంటే, కింద పోలీసు మైదానంలో ఆయుధపూజ జరుగుతుంది. రైఫిళ్లను వరసగా పేర్చి, గొట్టాలకు పసుపు రాసి, కుంకుమ పెట్టి, నిమ్మకాయలు కోస్తారు. అర్జునుడు పాశుపతం కోసం తపస్సు చేశాడని చెప్పుకునే కొండ అది. ఆ ఊరు ప్రపంచానికి ఇచ్చిన గురి కూడా బాణం గురే. వెన్నం జ్యోతి సురేఖ హాంగ్‌జౌ ఆసియా క్రీడల్లో మూడు బంగారు పతకాలు తెచ్చింది విల్లుతోనే. విల్లుకు లైసెన్సు అక్కర్లేదు.

ఫలితాలు వచ్చి వారం గడిచాక రెక్సిన్ సంచి మళ్లీ స్టేషన్‌కు వస్తుంది, ఈసారి ఖాళీగా. రైటర్ రసీదు వెనక్కి తీసుకుని, గదిలోంచి డబుల్ బ్యారెల్ తెప్పించి, నెంబరు సరిచూసి, తూటాలు మళ్లీ బల్ల మీద నిలబెడతాడు. యజమాని సంతకం పెడతాడు. గేటు దగ్గర, కొత్త ఎమ్మెల్యేకు కేటాయించిన గన్‌మన్ డ్యూటీ ఆర్డరు కాపీ కోసం నిలబడి ఉంటాడు. సంచి జిప్పు వేసేటప్పుడు ట్రిగ్గర్ గార్డుకున్న అట్టముక్క తెంపబోయి ఆగేవాళ్లూ ఉంటారు. స్థానిక ఎన్నికలు ఎలాగూ రావాల్సి ఉంది.